రెండు వాయిదాలు

మన బంగారుపాళ్యంలో 'వాయిదా' అంటే రెండర్థాలు. కోర్టులో కేసు పిలిచే రోజు ఒక వాయిదా. అప్పును విడతలుగా కట్టేది ఇంకో వాయిదా. ఈ రెంటికీ ఉన్న చుట్టరికం తెలియక మనలో ఎవరూ నష్టపోరాదనే ఈ నాలుగు మాటలు రాస్తున్నాము.

ఒకప్పుడు అప్పిచ్చేది ఊరి సాహుకారు. మన చిత్తూరు జిల్లా 1953 వరకు మద్రాసు రాష్ట్రంలోనే ఉండేది. 1938లో రాజాజీ ప్రభుత్వం తెచ్చిన చట్టం సేద్యగాళ్ల పాత బాకీల మీద వడ్డీ భారాన్ని బాగా తగ్గించింది. 1969లో 14 బ్యాంకులు జాతీయమయ్యాక పల్లెల్లో కూడా బ్యాంకు అప్పులు దొరికినాయి. గడువు దాటిన బాకీలకు దావాలూ వచ్చినాయి.

బాకీ పడ్డవాడికి జైలే గతి అనే భయం ఇంకా కొందరికి పోలేదు. 1936 సవరణతోనే చట్టం అరెస్టుకు హద్దులు గీసింది. 1980లో బ్యాంక్ ఆఫ్ కొచ్చిన్ కేసులో సుప్రీంకోర్టు జస్టిస్ కృష్ణయ్యర్ గారు తేల్చి చెప్పినారు: కట్టే శక్తి లేక కట్టలేకపోయినవాణ్ణి, అందులో దురుద్దేశం లేనప్పుడు, జైలుకు పంపకూడదు.

మరి కట్టే దారి ఏది? 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో 20వ ఆర్డరు, 11వ రూలు ఉంది. డబ్బు డిక్రీ ఇచ్చేటప్పుడు తగిన కారణం కనబడితే, వాయిదాల మీద కట్టమని కోర్టు ఉత్తరువు చేయవచ్చు. దానికి బ్యాంకు ఒప్పుకోలు అక్కరలేదు. డిక్రీ అయిపోయిన తరువాత అడిగితే మాత్రం బ్యాంకు ఒప్పుకుంటేనే సాగుతుంది. చిక్కంతా ఇక్కడే! సమన్లు అందుకుని, 'పోతే ఏమవుతుందో' అని ఇంట్లో కూర్చున్నవాడికి ఎక్స్‌పార్టీ డిక్రీ పడుతుంది. మొదటి వాయిదాకు పోనందువల్ల రెండో వాయిదా చేజారిపోతుంది.

కాబట్టి సమన్లు రాగానే ప్లీడరును కలవాలి. ఆదాయం, సంసారం, ఇతర బాకీలు కాగితం మీద పెట్టాలి. మామిడి తోట ఉన్నవారికి డబ్బు చేతికొచ్చేది ఏడాదికొకసారి, కోతలప్పుడు. నెలనెలా కడతామని ఒప్పుకుని తప్పడం కంటే, కోతల తరువాత పెద్ద కంతు కడతామని ఉన్నది ఉన్నట్టు చెప్పుకోవడం మేలు. కంతు తప్పితే మొత్తం ఒకేసారి కట్టాలన్న షరతు మామూలుగా ఉంటుంది.

తాకట్టు దావాల పద్ధతి వేరు, వాటికి 34వ ఆర్డరు ఉంది. పెద్ద బాకీలు, అంటే 20 లక్షలు, ఆపైవి, 1993 చట్టం కింద ఏర్పడిన ట్రిబ్యునల్‌కు పోతాయి. ఇక రాజీ కోరేవారికి లోక్ అదాలత్ ఉంది. 1987 చట్టం 1995లో అమలుకు వచ్చింది. అక్కడ కుదిరిన అవార్డు కోర్టు డిక్రీతో సమానం, దానిపై అప్పీలు లేదు. అందుకే సంతకం పెట్టేముందు ప్రతి కంతునూ లెక్క చూసుకోవాలి.

కర్జు తీర్చడం మన బాధ్యత, అందులో రెండో మాట లేదు. తీర్చడానికి గడువు అడగడం నామోషీ కాదు. అడగవలసిన రోజున, అడగవలసిన చోట నిలబడి అడగాలి, అంతే.