ఉదయగిరి దోస, క్రాకోవ్ కీర

నెల్లూరు జిల్లా పడమటి భాగంలో, వెలిగొండల నీడలో ఉన్న ఉదయగిరి, పెన్నకు చేరువలో ఉన్న ఆత్మకూరు మెట్ట ప్రాంతానికి ముఖ్యమైన రెండు పట్టణాలు. కాలువ నీటితో వరి పండే తూర్పు డెల్టాకు భిన్నంగా, వానమీద, చెరువుమీద, బావిమీద బతికిన ఈ నేలలో కాయగూర అంటే మొదట తక్కువ తడితో కాసేదే. పాడి అంటే గేదె పాలే. పసుపుపచ్చని గుండ్రటి దోసకాయను చిన్న ముక్కలుగా తరిగి, గడ్డ పెరుగులో కలిపి, తిరగమోత పెట్టి చేసే పెరుగు పచ్చడి ఈ రెండింటి కలయిక. దీనికి దూరపు బంధువు అనదగిన వంటకం ఒకటి పోలండ్‌లో ఉంది. దాని పేరు మిజేరియా: పలుచగా చక్రాల్లా తరిగిన కీరను ఉప్పుతో ఊరబెట్టి, నీరు పిండి, పులిసిన మీగడలో కలిపి, సోయికూర చల్లి తినే చల్లని పచ్చడి. ఒకదాని నుంచి మరొకటి పుట్టలేదు. అయినా ఈ రెండింటినీ పక్కపక్కన పెట్టి చూస్తే, ఏ ఊరి వంటను ఆ ఊరి ఎండ, పాలు, నీరు ఎలా మలుస్తాయో రాజుల కథలకన్నా స్పష్టంగా తెలుస్తుంది.

పోలండ్ వారు మాత్రం ఈ పచ్చడికి ఒక రాణిని జతచేశారు. ఇటలీలోని బారి ప్రాంతపు పాలకుల ఇంటి ఆడపడుచు బోనా స్ఫోర్జా 1518 ఏప్రిల్‌లో పోలండ్ రాజు మొదటి సిగిస్మండ్‌ను పెళ్లాడి క్రాకోవ్ చేరింది. పుట్టింటి తోటలమీద బెంగతో ఆమె ఈ కీర పచ్చడి తింటూ కన్నీరు పెట్టుకునేదనీ, అందుకే లాటిన్‌లో దైన్యాన్ని తెలిపే మాట దీనికి పేరైందనీ ఆ కథ. వినడానికి బాగానే ఉన్నా నమ్మడానికి ఆధారం లేదు. ఆమె రాకకు శతాబ్దాల ముందే కీర గింజలు పోలండ్ నేలలోని పాత పొరల్లో ఉన్నాయి. ఐరోపాకు కీర చేరిన మార్గాలపై 2012లో వెలువడిన ఒక పరిశోధన రెండు దారులను గుర్తించింది. ఒకటి పర్షియా నుంచి నేలమీదుగా తూర్పు, ఉత్తర ఐరోపాకు సాగింది. మరొకటి సముద్రం మీదుగా అరబ్బుల ఏలుబడిలోని స్పెయిన్‌కు చేరింది. అంటే స్లావు జాతుల పెరళ్లకు కీర ఇటలీ రాణి చేతిమీదుగా కాక, తూర్పు నుంచి వచ్చిన వర్తకుల, వలస జనుల మూటల్లో వచ్చి ఉండాలి. ఆ తూర్పుదారికి మొదటి కొస భారతదేశం; కీరకు అడవి జాతి నేటికీ హిమాలయ పాదాల్లో చేదుకాయలు కాస్తూనే ఉంది.

అదే పరిశోధనలో తెలుగువారికి మరింత ఆసక్తి కలిగించే సంగతి ఒకటుంది. ప్రాచీన రోమన్లు ఇష్టంగా తిన్నదనీ, తిబేరియస్ చక్రవర్తి భోజనంలో రోజూ ఉండేదనీ చెప్పుకునే ‘కీర’ నిజానికి కీర కాదు. ఖర్బూజా జాతికి చెందిన పొడవాటి పాముదోస. మెట్టలో పండే పసుపు దోస కూడా వృక్షశాస్త్రం ప్రకారం ఖర్బూజా జాతిదే. కూరకు వాడుతున్నందువల్ల, తీపి లేనందువల్ల దాన్ని కీరకు అక్కగా భావిస్తారు కాని, వరసకు అది ఖర్బూజాకు తోబుట్టువు. పచ్చడి చేసేటప్పుడు ఈ తేడా చిన్నది కాదు. కీరలో నూటికి 95 పాళ్లు నీరే ఉండి, ఉప్పు తగలగానే అది బయటికి ఊరుతుంది. పసుపు దోస కండ గట్టిగా, కరకరలాడుతూ ఉండి, పెరుగులో వేసినా కొంతసేపు బిగువు సడలదు. అందువల్లనే మిజేరియాకు ఉప్పులో ఊరబెట్టి పిండటం తప్పనిసరి. దోసకాయ పెరుగు పచ్చడికి ఆ పని అక్కర్లేదు. చేదు మాత్రం రెండింటికీ ఉమ్మడి శత్రువు. కుకుర్బిటాసిన్లు అనే చేదు పదార్థాలు తొడిమ వైపు ఎక్కువగా చేరుతాయి. తీగ నీటి ఎద్దడికి, వడగాలికి గురైతే ఇంకా పెరుగుతాయి. మెట్ట ఇల్లాలు కాయ కోయగానే ఒక ముక్క, నాలుగు గింజలు నోట వేసుకుని చూడటానికి కారణం ఇదే. చేదు తగిలితే ఆ కాయను పారవేయటమే తప్ప ఉప్పుతో, పులుపుతో దాన్ని కప్పిపుచ్చే ఉపాయం లేదు.

రాజుల ప్రస్తావనకు ఉదయగిరి తక్కువది కాదు. బోనా స్ఫోర్జా పెళ్లికి ఐదేళ్ల ముందు, 1513లో, శ్రీకృష్ణదేవరాయలు గజపతుల చేతిలో ఉన్న ఈ దుర్గాన్ని ముట్టడించాడు. కోట 1514లో లొంగింది. ఆ తరువాత రెండు దశాబ్దాలకు విజయనగరంలో ఉన్న పోర్చుగీసు గుర్రాల వర్తకుడు న్యూనిజ్, కోటలో పదివేల కాల్బలం, నాలుగువందల గుర్రాలు ఉండేవనీ, తిండి అందకుండా చేసి మాడ్చటం తప్ప దాన్ని పట్టే మార్గం లేదనీ, రాయలు ఏడాదిన్నరపాటు బండలు పగలగొట్టించి దారులు వేయించాడనీ రాశాడు.  కోట పడ్డాక రాయలు ఇక్కడి బాలకృష్ణ విగ్రహాన్ని విజయనగరానికి తరలించి, 1515లో కొత్త గుడి కట్టించి ప్రతిష్ఠించాడు; పాడి ఊరి నుంచి రాజధానికి దక్కిన విజయచిహ్నం వెన్నముద్దల దేవుడు కావటం ముచ్చటైన సంగతే. ఇంత జరిగినా దోసకాయ పెరుగు పచ్చడిని రాయలకు అంటగట్టిన కథ ఏదీ ప్రచారంలోకి రాలేదు. ఈ విషయంలో మెట్ట జనం పోలండ్ వారికన్నా నిజాయితీగా ఉన్నారనుకోవచ్చు.

ఆ కాలపు తిండి గురించి రాయలే ఆముక్తమాల్యదలో కొంత చెప్పాడు. ఆ కావ్యంలో విష్ణుచిత్తుడు అతిథులకు కాలానికి తగినట్టు వడ్డించిన పదార్థాలలో చలికాలానికి మిరియాల పొడి పడిన కూరలు, ముక్కుకు ఘాటెక్కే ఆవపచ్చళ్లు ఉన్నాయి. వేసవికి ఊరగాయ, పలుచటి మజ్జిగ ఉన్నాయి. మిరప ఎక్కడా లేదు. ఉండే వీలూ తక్కువే. అది అమెరికా ఖండం నుంచి పోర్చుగీసు ఓడల్లో అప్పుడప్పుడే పడమటి తీరానికి చేరుతున్న పంట. కాబట్టి నేడు ఉదయగిరిలో పచ్చిమిర్చి లేనిదే ఊహించలేని పెరుగు పచ్చడి, ముట్టడి నాటికి ఉండి ఉంటే, దాని కారం మిరియానిదో ఆవపిండిదో అయి ఉండాలి. ఆవ నూరి పెరుగులో కలిపే పద్ధతి ఇప్పటికీ కొన్ని ఇళ్లలో ఉంది. మిరపకన్నా పాతది అదే కావచ్చు.

అసలు తేడా పాల దగ్గర ఉంది. పోలండ్‌లో మిజేరియాకు వాడే ‘శ్మెతానా’ అంటే పులిసిన మీగడ. అంగడిలో సాధారణంగా దొరికే దానిలో కొవ్వు 18 శాతం. 20 నుంచి 25 డిగ్రీల వెచ్చదనంలో పనిచేసే సూక్ష్మజీవులు దాన్ని నెమ్మదిగా పులియబెడతాయి. చలిదేశం కాబట్టి ఆ పులుపు ఒకచోట ఆగి, మీగడ రోజుల తరబడి కమ్మగా నిలుస్తుంది. మే నెలలో 40 డిగ్రీలు దాటే మెట్టలో తోడు వేసిన పాలు కొద్ది గంటల్లో పేరుకుని, పొద్దు వాలేసరికి పుల్లబడతాయి. అందువల్ల ఇక్కడి పచ్చడి అప్పటికప్పుడు చేసి అప్పుడే తినవలసినది. దానికి పెట్టే ఇంగువ, ఆవాల తిరగమోత ఎక్కుతున్న పులుపుకు సరిజోడు.

ఆత్మకూరులోనో ఉదయగిరిలోనో మిజేరియా చేయదలచినవారికి శ్మెతానా దొరకకపోయినా నష్టం లేదు. గేదె పాలలో కొవ్వు దాదాపు 6, 7 శాతం ఉంటుంది. అర లీటరు గడ్డ పెరుగును పలుచటి గుడ్డలో మూటగట్టి, నీరు కారి సగమయ్యేదాకా వేలాడదీస్తే కొవ్వు శాతం ఇంచుమించు రెట్టింపవుతుంది. దానికి రెండు చెంచాల మీగడ కలిపి నునుపుగా గిలకొడితే శ్మెతానాకు చాలా దగ్గరగా వస్తుంది. తోడు వేసిన నాలుగైదు గంటలకే, పులుపు ఎక్కకముందే మూటగట్టటం ఇందులో ముఖ్యం. పుల్లటి పెరుగుతో చేసినది మిజేరియా అనిపించుకోదు. అర కిలో లేత కీర చెక్కు తీసి, కాగితమంత పలుచగా తరిగి, అర చెంచా ఉప్పు కలిపి 20 నిమిషాలు ఉంచి, రెండు చేతులతో గట్టిగా పిండాలి. తరువాత పెరుగు మీగడ, చిటికెడు చక్కెర, ఒక చెంచా నిమ్మరసం, మిరియాల పొడి, సన్నగా తరిగిన సోయికూర చేర్చి చల్లగా వడ్డించాలి. పొదలకూరు, గూడూరు నిమ్మ అందుబాటులో ఉన్న జిల్లాలో పుల్లదనానికి వెనిగర్ వెతకటం అనవసరం. సోయికూర దొరకనప్పుడు కొత్తిమీర వేయవచ్చు గాని, అప్పుడు రుచి సగానికి పైగా తెలుగుదైపోతుంది. అదీ చెడ్డ సంగతేమీ కాదు. పోలండ్‌లో దీన్ని ఉడికించిన బంగాళాదుంపలతో, వేయించిన మాంసం ముక్కతో తింటారు. ఇక్కడ వేపుడు పక్కన బాగా కుదురుతుంది.

దోసకాయ పచ్చడికి వరస వేరు. చెక్కు, గింజలు తీసిన ముక్కలను అలాగే పచ్చిగా గాని, ఒక చెంచా నూనెలో రెండు నిమిషాలు మగ్గించి గాని తీసుకుని, దంచిన పచ్చిమిర్చి, ఉప్పు, పసుపు కలుపుతారు. ఆవాలు, మినప్పప్పు, ఎండుమిర్చి, కరివేపాకు, ఇంగువల తిరగమోత పూర్తిగా చల్లారాకనే పెరుగులో పడాలి. వేడిమీద పడితే పెరుగు విరిగి నీళ్లు తేలుతుంది. రెండు పచ్చళ్లనూ కలపటానికి లోహపు గరిటెకన్నా కొయ్య గరిటె మేలు, ఎందుకంటే పులుపు ఇత్తడిని, రాగిని తిని చిలుము రుచి తెస్తుంది. ఆ కొయ్య గరిటెలకు వేరే ఊరు వెళ్లనక్కర్లేదు. చుట్టుపక్కల కొండల్లో దొరికే నర్ది, బిక్కి వంటి కర్రలతో ఉదయగిరి పనివారు చెక్కే చెంచాలు, గరిటెలు, ముళ్ల చెంచాలు భౌగోళిక గుర్తింపు పొందిన సరుకు. కీరను పిండగా వచ్చిన ఉప్పునీటిని, పెరుగు మూట నుంచి కారిన తేటను కూడా పారబోయవలసిన పనిలేదు. రెండింటినీ కలిపి, నాలుగింతల చన్నీళ్లు పోసి, కాస్త అల్లం దంచి వేస్తే మధ్యాహ్నపు ఎండకు నీరుమజ్జిగ సిద్ధమవుతుంది; అందులో మళ్లీ ఉప్పు వేయకూడదు.