పిండి కాని పిండి

పదాలకు ఉన్నట్లే వ్యాధినామాలకూ ఒక చరిత్ర ఉంటుంది. మాంసకృత్తు ఒకటి గుండె కండరంలో పేరుకొని దానిని బిరుసెక్కించే వ్యాధి అమైలాయిడోసిస్. 1854లో విర్షో అనే జర్మన్ వైద్యుడు, అయోడిన్ సోకినప్పుడు రంగు మారడం చూసి, ఆ పదార్థాన్ని పిండి వంటిదని తలచి ఈ పేరు ఇచ్చాడు. అది పిండి కాదని 1859లోనే తేలింది. పేరు మాత్రం స్థిరపడిపోయింది.

దానిని పట్టి ఇచ్చే టెక్నీషియం మాత్రం అన్వర్థనామం. గ్రీకులో 'కృత్రిమం' అని అర్థం. మెండలీవ్ మన సంస్కృతపు 'ఏక' శబ్దాన్ని చేర్చి 'ఏక మాంగనీసు' అని ముందే పిలిచిన ఆ ధాతువును 1937లో ఇటలీలోని పలేర్మోలో పెర్రియర్, సెగ్రే కనుగొన్నారు. ఆసుపత్రికి మాలిబ్డినం ఉన్న పాత్ర వస్తుంది. అది క్షీణించి టెక్నీషియం అవుతుంది. ఉప్పునీటితో కడిగి తీస్తారు. దీనిని వారు 'ఆవును పితకడం' అనడం నాకు ముచ్చటగొలిపింది! ఈ పాలు ఆరు గంటలకు సగమైపోతాయి.

పైరోఫాస్ఫేటుతో కలిపి దీనిని 1970లలో గుండెపోటు జాడలు వెదకడానికి వాడారు. ఎముకను చూపవలసిన మందు కొందరిలో గుండెను చూపింది. ఆ వింతకు అర్థం తెలియడానికి చాలాకాలం పట్టింది. అటువంటి మరొక ఎముక మందుతో 2005లో బొలోన్యా వైద్యులు ట్రాన్స్‌థైరెటిన్ రకాన్ని వేరుపరచగలిగారు. 2016లో 1217 మందిపై వెలువడిన అధ్యయనం, తగిన రోగులలో గుండె నుండి ముక్క తీయకుండానే నిర్ణయించవచ్చునని తేల్చింది.

ఇది మనకెందుకంటారా? 1998లో సైబర్ టవర్స్ వెలసిన తరువాత కొండాపూర్, గచ్చిబౌలి ఫ్లాట్లకు పిల్లల వద్దకు ఎందరో తండ్రులు వచ్చి చేరారు. కాళ్ల వాపు, ఆయాసం కనబడితే వయసు మీద నెట్టివేస్తాము. అంతకు కొన్నేళ్ల ముందే రెండు చేతులకూ తిమ్మిర్లు వచ్చి మణికట్టుకు శస్త్రచికిత్స జరిగిందన్న సంగతి గుండె వైద్యునికి ఎవరూ చెప్పరు. చెప్పాలి. టఫామిడిస్ అనే మందు మరణాలను తగ్గిస్తుందని 2018లో రుజువైంది. త్వరగా మొదలుపెడితేనే మేలు ఎక్కువ.

అయితే చిత్రంలో గుండె వెలిగినంత మాత్రాన చాలదు. మూలుగలో పుట్టే మరొక రకం అమైలాయిడ్ కూడా ఒక్కొక్కప్పుడు అలాగే వెలుగుతుంది. దానికి కావలసినది వేరే చికిత్స, అదీ వెంటనే. అందువల్ల రక్తం, మూత్రం పరీక్షించి ఆ రకం కాదని తేల్చుకోకుండా, ఆ బొమ్మ ఎంత స్పష్టంగా ఉన్నా, దానిని నమ్మరాదు.