సురభి నాటకం – తెర వెనుక పని

1885లో కడప జిల్లా సురభి గ్రామంలో ఒక పెళ్లి సందర్భంగా వనారస కుటుంబం 'కీచక వధ' ఆడింది. ఈ నాటక సమాజానికి ఆద్యుడు వనారస గోవిందరావు. ఊరి పేరే సమాజం పేరైంది. అంతకు ముందు వీరిది తోలుబొమ్మలాట. అందులో బొమ్మను ఆడించే చేతులవాడే పాడతాడు, మాట అందిస్తాడు, దీపం సంగతీ చూసుకుంటాడు. సురభివారి పని తీరుకు మూలం అక్కడే ఉందనిపిస్తుంది.

ఇతర సమాజాల్లో స్థానం నరసింహారావు వంటి మగవారు స్త్రీ పాత్రలు వేసి మెప్పించిన కాలంలోనే, సురభిలో ఇంటి ఆడవాళ్లు ఆడవేషాలు కట్టారు. తొలి తెలుగు టాకీ 'భక్త ప్రహ్లాద'లో లీలావతిగా నటించిన సురభి కమలాబాయి ఈ ఇంటి బిడ్డే. పిల్లలకు పాలు మానేలోపే వేషం పడేది. చిన్నికృష్ణుడి కోసం బయట ఎవరినీ వెతకాల్సిన పని లేదు కదా!

సురభి అనగానే జనానికి గుర్తొచ్చేది 'మాయాబజార్'. ఘటోత్కచుడు నోరు తెరిస్తే లడ్డూలు వాటంతట అవే ఎగిరి వచ్చి పడతాయి. యుద్ధంలో రెండు బాణాలు గాలిలో ఎదురై నిప్పురవ్వలు రాలుస్తాయి. నటుడు విల్లు వంచడం వరకే. సన్నని తీగ మీద బాణాన్ని నడిపేది పక్కన చీకట్లో నిలబడ్డ మరొకరు, ఎదుటి బాణానికి అవతల ఇంకొకరు. ఇద్దరి కళ్లూ ఒకే సైగ మీద ఉండాలి. ఒకరు రెప్పపాటు ముందు లాగితే బాణాలు ఒకదానినొకటి తప్పుకుంటాయి, గంభీరమైన యుద్ధం కాస్తా నవ్వులపాలవుతుంది. ఈలోగా ఇంకెవరో రంగుల తెర దింపుతుంటారు, హార్మోనియం ఆగకూడదు. రాజు వేషం తీసేసిన మనిషి మరుక్షణం తాడు పట్టుకుంటాడు. అందులో చిన్నతనమేమీ లేదు. తాడు ఇంకొక బాబాయి చేతిలోంచి అందుకున్నదే.

సమాజం శాఖలుగా విడిపోయి ఊరూరా తిరిగింది. వాటిలో శ్రీ వేంకటేశ్వర నాట్య మండలి 1937లో పుట్టింది. దాన్ని నడిపిన రేకందార్ నాగేశ్వరరావు, అందరి నోటా 'సురభి బాబ్జీ', 2013లో పద్మశ్రీ అందుకున్నారు. కన్నడ రంగస్థల దిగ్గజం బి.వి. కారంత్ వచ్చి ఈ కళాకారులతోనే 'భీష్మ', 'చండీప్రియ', 'బస్తీ దేవత యాదమ్మ' చేయించారు. మూడోది జర్మన్ నాటకకర్త బ్రెహ్ట్ రచనకు అనుసరణ.