వేదిక మీద దేహం – 4: సిల్ఫ్ రెక్కలు

2019లో వియన్నాలో ఫ్లోరెంటినా హోల్‌జింగర్ 'టాంట్స్' ప్రదర్శించింది. జర్మన్‌లో ఆ మాటకు నృత్యమని అర్థం. వేదిక మీద అంతా స్త్రీలే. నగ్నంగానే బ్యాలే పాఠం సాగుతుంది. నేర్పే గురువు బియాట్రిస్ కోర్డువా, డెబ్బై దాటిన నర్తకి. 'కళ పేరుతో బూతు' అనేవాళ్లు ఎక్కడైనా ఉంటారు. వాళ్లను ఒకటడగాలి: ఒంటి మీద బట్టలున్న రోజుల్లో బ్యాలే అంత పవిత్రంగా ఉందా?

'టాంట్స్' తిరగేసింది 'లా సిల్ఫీడ్' లాంటి పాత బ్యాలేలను. 1832లో పారిస్ ఒపేరాలో మారీ టాగ్లియోనీ అందులో సిల్ఫ్‌గా ఆడింది. సిల్ఫ్ అంటే గాలిలో తేలే రెక్కల కన్య. ఆమెను తన దగ్గరే ఉంచుకోవాలని ఒక మగవాడు మంత్రగత్తె ఇచ్చిన కండువా కప్పుతాడు. రెక్కలు రాలిపోతాయి. ఆమె చనిపోతుంది.

ఇది తెర ముందు కథ. తెర వెనక ఇంకొకటి నడిచింది. 1831లో ఒపేరా డైరెక్టరైన లూయీ వెరాన్, నర్తకులు సాధన చేసుకునే గదిని డబ్బున్న చందాదారులకు తెరిచాడు. కూలినాలి ఇళ్ల నుంచి వచ్చిన పిల్లల మీద వాళ్ల కన్ను పడేది. ఆ పిల్లలను 'చిట్టెలుకలు' అనేవాళ్లు. అలాంటి ఒక పిల్ల, బట్టలుతికే తల్లి కూతురు మారీ వాన్ గోథెమ్‌ను చూసి దెగా బొమ్మ చేశాడు. 1881లో దాన్ని ప్రదర్శనకు పెడితే విమర్శకులు కోతితో పోల్చారు. 1862లో రిహార్సల్‌లో ఎమ్మా లివ్రీ పల్చటి గౌనుకు గ్యాస్ దీపం అంటుకుంది. మరుసటి ఏడాది ఆమె చనిపోయింది.

ఆ బ్యాలే నొప్పిని దాచి తేలికదనాన్ని అమ్ముకుంది. హోల్‌జింగర్ ఆ నొప్పిని బయటపెట్టింది. 'టాంట్స్'లో వీపు చర్మానికి కొక్కేలు గుచ్చుకుని నర్తకి గాలిలోకి లేస్తుంది. ఎగరడానికి ఒళ్లు ఎంత చెల్లించిందో ప్రేక్షకుడు చూడక తప్పదు.

అయితే నగ్నత్వమే విముక్తి అని నేననను. మన ఊళ్లలో దళిత స్త్రీని వివస్త్రను చేసి ఊరేగించడం శిక్ష. దేవుడి పేరుతో మన ఆడపిల్లలను జోగినులను చేసి ఊరి పెద్దలు వాడుకున్నారు. దాన్ని నిషేధిస్తూ ఆంధ్రప్రదేశ్‌లో చట్టం వచ్చింది 1988లోనే. అక్కడ బట్ట తీసే చేయి వాళ్లది. 'టాంట్స్'లో ఆ చేయి ఆడేవాళ్లదే. ఆ ఎంపిక అందరికీ సమానంగా దొరకదు.

కాబట్టి విద్యార్థి మిత్రులారా, అశ్లీలమా, కళా అని సెమినార్లలో వాదించేముందు ముగ్గురి గురించి అడగండి: బట్ట తీసిందెవరు, టిక్కెట్టు కొన్నదెవరు, వద్దనగలిగేదెవరు?