బిర్టుకాన్ మిడెక్సా: జైలు గది నుంచి ఎన్నికల సంఘం దాకా

ఎం.ఎస్. చేసే రోజుల్లో మా లాబ్ లో ఇథియోపియా నుంచి వచ్చిన కుర్రాడు ఒకడు ఉండేవాడు. నేను తెలుగువాడినని తెలియగానే "మా కాలేజీలో లెక్కలు చెప్పిన మాష్టారు మీ ఊళ్ళ వైపు వారే" అన్నాడు. ఆశ్చర్యం లేదు. మన వైపు నుంచి చాలామంది లెక్చరర్లు అక్కడి యూనివర్సిటీలకు వెళ్ళి పాఠాలు చెప్పారు. వాళ్ళ ఇంజెరా చూస్తే మన అట్టే గుర్తొస్తుంది. అలా మా స్నేహం కుదిరింది. అయితే తన దేశ రాజకీయాల మాట వస్తే మాత్రం, అమెరికాలో ఉండి కూడా, అటూ ఇటూ చూసి గొంతు తగ్గించేవాడు. అలా గొంతు తగ్గించి అతను చెప్పిన పేరే బిర్టుకాన్ మిడెక్సా. అమ్హారిక్ భాషలో బిర్టుకాన్ అంటే నారింజ పండు. మన పత్రికల్లో ఈమె గురించి పెద్దగా రాలేదు కాబట్టి, నేను తెలుసుకున్నది ఇక్కడ వరుసగా రాస్తున్నాను.

బెయిల్ ఇచ్చిన జడ్జి

బిర్టుకాన్ 1974లో అడిస్ అబాబాలో ఒక సామాన్య కుటుంబంలో పుట్టారు. అడిస్ అబాబా యూనివర్సిటీలో న్యాయశాస్త్రం చదివి, ఇరవైల వయసులోనే ఫెడరల్ కోర్టులో జడ్జి అయ్యారు. 2001లో పాలక పార్టీలో చీలిక వచ్చింది. ప్రధాని మెలెస్ జెనావితో విభేదించిన మాజీ రక్షణ మంత్రి సియె అబ్రహాను అవినీతి ఆరోపణలపై అరెస్టు చేశారు. ఆ కేసు బిర్టుకాన్ ముందుకు వచ్చింది. పైవారి మనసులో ఏముందో తెలిసి కూడా, చట్టప్రకారం బెయిల్ ఇవ్వాల్సిందేనని ఆమె తీర్పు చెప్పారు. సియె కోర్టు బయటకు రాగానే పోలీసులు మళ్ళీ పట్టుకుపోయారు. ఆ తర్వాత అవినీతి కేసుల్లో బెయిల్ లేకుండా ప్రభుత్వం ఏకంగా చట్టమే తెచ్చింది. ఆమె పేరు దేశమంతా తెలిసింది అప్పుడే.

2005 ఎన్నికలు

తరువాత ఆమె రాజకీయాల్లోకి వచ్చి, కొన్ని ప్రతిపక్షాలు కలిసి కట్టిన 'కినిజిత్' కూటమికి ఉపాధ్యక్షురాలు అయ్యారు. 2005 మే 15న జరిగిన ఎన్నికల్లో ఈ కూటమి రాజధాని నగరాన్ని దాదాపు ఊడ్చేసింది. దేశం మొత్తం మీద మాత్రం పాలక పక్షమే గెలిచిందని ప్రకటించారు. లెక్కింపులో మోసం జరిగిందంటూ జూన్ లోనూ, నవంబర్ లోనూ జనం వీధుల్లోకి వచ్చారు. భద్రతా దళాలు కాల్పులు జరిపాయి. ప్రభుత్వమే వేసిన విచారణ సంఘం లెక్కలో చనిపోయిన పౌరులు 193 మంది.

నవంబర్ లో కూటమి నాయకులందరినీ అరెస్టు చేశారు. అప్పటికి బిర్టుకాన్ వయసు 31, ఇంట్లో పసిపిల్ల. రాజ్యాంగాన్ని కూలదోయటానికి ప్రయత్నించారన్నది వారిపై మోపిన నేరాల్లో ప్రధానమైనది. నాయకుల్లో ఎక్కువమంది ఆ కోర్టులో తమ వాదన వినిపించటానికే నిరాకరించారు. 2007 జూలైలో యావజ్జీవ శిక్ష పడింది. తీర్పు వచ్చిన కొద్ది రోజులకే, పెద్దమనుషుల రాయబారంతో, క్షమాభిక్ష పత్రం మీద సంతకాలు తీసుకుని వదిలేశారు.

ఒక్క మాట ఖరీదు

బయటకు వచ్చాక కూటమి ముక్కలైంది. 2008లో బిర్టుకాన్ 'అందినెట్' అనే కొత్త పార్టీకి అధ్యక్షురాలు అయ్యారు. ఆ ఏడాది నవంబర్ లో స్వీడన్ వెళ్ళినప్పుడు, మా విడుదల పెద్దల మధ్యవర్తిత్వంతో కుదిరిన రాజీ అనే అర్థం వచ్చేలా మాట్లాడారు. ఆ మాట వెనక్కి తీసుకోమని ప్రభుత్వం గడువు పెట్టింది. పత్రం మీద సంతకం చేయలేదని ఆమె ఎప్పుడూ అనలేదు, జరిగినది జరిగినట్టు చెప్పానన్నారు. డిసెంబర్ చివర్లో క్షమాభిక్ష రద్దు చేసి, పాత యావజ్జీవ శిక్ష కిందే కాలిటీ జైలుకు పంపారు.

అక్కడ చాలా నెలలు ఒంటరి గదిలో ఉంచారు. చూడటానికి తల్లికీ, చిన్నారి కూతురికీ మాత్రమే అనుమతి. ఆమ్నెస్టీ ఇంటర్నేషనల్ ఆమెను మనస్సాక్షి ఖైదీగా ప్రకటించింది. ఆమె లోపల ఉండగానే, ఒకప్పుడు ఆమె బెయిల్ ఇచ్చిన సియె అబ్రహా వచ్చి ఆమె పార్టీలో చేరారు. 2010 మేలో జరిగిన ఎన్నికల్లో 547 స్థానాలకు 545 పాలక కూటమికీ, దాని మిత్రులకూ వెళ్ళాయి. ఇక ఆమె వల్ల భయం లేదనుకున్నారో ఏమో, ఆ అక్టోబర్ లో మరో క్షమాభిక్షతో విడిచిపెట్టారు.

తిరిగి ఇంటికి

తర్వాత ఆమె అమెరికా వచ్చి, హార్వర్డ్ కెనెడీ స్కూల్ లో మాస్టర్స్ చేశారు. 2018లో అబియ్ అహ్మద్ ప్రధాని అయ్యాక దేశానికి పిలిచారు. ఆ ఏడాది నవంబర్ లో పార్లమెంటు ఆమెను జాతీయ ఎన్నికల బోర్డు అధ్యక్షురాలిగా నియమించింది. 2005లో ఏ సంస్థ లెక్కలను ఆమె పక్షం నమ్మలేదో, ఇప్పుడు ఆ సంస్థకే ఆమె పెద్ద!

కథ ఇక్కడితో సుఖాంతం అని రాస్తే బాగుండేది. కానీ కోవిడ్ వల్ల వాయిదా పడి 2021 జూన్ 21న జరిగిన ఎన్నికల నాటికి టిగ్రాయ్ లో యుద్ధం నడుస్తోంది. అక్కడ పోలింగే జరగలేదు. కొన్ని ముఖ్య ప్రతిపక్షాలు బహిష్కరించాయి. ఫలితాలు వచ్చిన 436 స్థానాల్లో 410 పాలక ప్రాస్పరిటీ పార్టీవే. బోర్డు పనితీరు మునుపటికంటే మెరుగని మెచ్చుకున్నవారూ ఉన్నారు, ఆ ఎన్నికకు ఆమె మంచి పేరును అరువిచ్చారని విమర్శించినవారూ ఉన్నారు. 2023లో ఆరోగ్య కారణాలు చెప్పి ఆమె పదవి నుంచి తప్పుకున్నారు.

మనలాంటి బయటి దేశాల వాళ్ళకు ఈ కథలో నన్ను ఆలోచింపజేసింది స్వీడన్ ఘట్టం. పరాయి దేశంలో ఉండి సొంత దేశ రాజకీయాలను ఏకిపారేయటం మనకు వారాంతపు కాలక్షేపం. సాయంత్రం భోజనాలవగానే ఎవరిళ్ళకు వాళ్ళం వెళ్ళిపోతాం. అదే దేశం కాని దేశంలో ఆమె అన్న మాటకు, ఇంటికి తిరిగి వెళ్ళి దాదాపు రెండేళ్ళు జైలు అనుభవించారు. ఒక్క వాక్యం వెనక్కి తీసుకుంటే కూతురి దగ్గరే ఉండేవారు. నేనైతే తీసుకునేవాడినేమో. మా లాబ్ స్నేహితుడు ఎందుకు గొంతు తగ్గించేవాడో ఇప్పుడు నాకు బాగా అర్థమవుతోంది.