ల్యాప్‌టాప్ హార్డ్‌డిస్క్ ఆఘాత రక్షణ

ల్యాప్‌టాప్ కింద పడినప్పుడు లేదా కుదుపుకు గురైనప్పుడు హార్డ్‌డిస్క్ దెబ్బతినకుండా చేసే ఏర్పాట్లను ఆఘాత రక్షణ అంటారు. నిమిషానికి 5,400 లేదా 7,200 సార్లు తిరిగే పళ్లెంపై రీడ్-రైట్ హెడ్ కొన్ని నానోమీటర్ల ఎత్తులోనే తేలుతుంది. అది పళ్లేన్ని తాకితే అయస్కాంత పూత గీసుకుపోయి సమాచారం శాశ్వతంగా పోవచ్చు. రబ్బరు మెత్తలు దెబ్బ తీవ్రతను తగ్గిస్తాయే గాని హెడ్‌ను తప్పించలేవు. కాబట్టి అసలు రక్షణ దాన్ని ముందే పక్కకు జరపడంలోనే ఉంది. ఐబీఎం 2003లో థింక్‌ప్యాడ్‌లలో ప్రవేశపెట్టిన యాక్టివ్ ప్రొటెక్షన్ సిస్టమ్ చేసిందిదే. యాక్సెలరోమీటర్ కదలికను పసిగట్టగానే హెడ్‌ను పళ్లెం మీది నుంచి తప్పిస్తుంది. యాపిల్ 2005లో పవర్‌బుక్‌లలో ఇలాంటి సెన్సర్‌నే అమర్చింది.

పడే వ్యవధి హెడ్‌ను తప్పించడానికి చాలదన్న అభ్యంతరం కొంతవరకే నిజం. 75 సెంటీమీటర్ల బల్ల నుంచి నేలను తాకడానికి దాదాపు 0.39 సెకను, 5 సెంటీమీటర్ల నుంచైతే 0.1 సెకను పడుతుంది. ఈ రెండో సందర్భంలోనే సెన్సర్ వెనకబడవచ్చు. అక్కడ మెత్తలే ఆధారం. పైగా జారడానికి ముందు వచ్చే ఒరుగుదలను కూడా ఐబీఎం పద్ధతి లెక్కలోకి తీసుకుంటుంది. కదిలే భాగాల్లేని ఎస్‌ఎస్‌డీలకు ఈ సెన్సర్ అవసరం లేదు.