మానిటాల్

మానిటాల్ చక్కెర ఆల్కహాలుల వర్గానికి చెందిన ఒక కర్బన సమ్మేళనం. ఇది తెల్లని స్ఫటికాల రూపంలో లభిస్తుంది, రుచికి తియ్యగా ఉంటుంది. వైద్యంలో దీనిని ద్రవాభిసరణ మూత్రకారిగా వాడుతారు. పుర్రెలోపల గాని, కంటిలోపల గాని పీడనం ప్రమాదకరంగా పెరిగినప్పుడు దీని ద్రావణాన్ని సిర ద్వారా ఎక్కిస్తారు. ప్రపంచ ఆరోగ్య సంస్థ వారి అత్యవసర మందుల జాబితాలో ఇది చేర్చబడింది. మానిటాల్ మెదడు గాయాన్ని నయం చేయదు; శస్త్రచికిత్స జరిగేవరకు కొన్ని గంటల వ్యవధిని మాత్రం సమకూరుస్తుంది. పెద్ద ఆసుపత్రులకు దూరంగా ఉన్న వికారాబాదు, తాండూరు వంటి పట్టణాలలో దీనికి గల ప్రాముఖ్యం ఈ కారణం వల్లనే.

పేరు, చరిత్ర

మధ్యధరా ప్రాంతంలో, ముఖ్యంగా సిసిలీ ద్వీపంలో, ఒక జాతి చెట్టు బెరడుకు గాటు పెట్టినప్పుడు కారి గడ్డకట్టే తియ్యని స్రావాన్ని మన్నా అంటారు. 1806లో ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త జోసెఫ్ లూయీ ప్రూస్ట్ ఈ మన్నా నుండి వేరుచేసిన పదార్థమే మానిటాల్. మన్నా జాతి పదార్థాలను యూరపులోను, యునానీ వైద్యంలోను తేలికపాటి విరేచనకారిగా వాడేవారు. యునానీ వైద్యులు షీర్‌ఖిష్త్ అని పిలిచేది ఈ కోవకు చెందినదే. నిజాం రాజ్యంలో యునానీ వైద్యానికి ఆదరణ ఉండేది కాబట్టి ఆ పేరు హైదరాబాదు వైద్యులకు కొత్త కాదు.

గాఢమైన ద్రావణాన్ని రక్తంలోకి ఎక్కిస్తే మెదడు కుంచించుకుపోతుందని 1919లో అమెరికాకు చెందిన వీడ్, మెక్‌కిబెన్ పిల్లులపై చేసిన ప్రయోగాలలో కనుగొన్నారు. 1950లలో ఇందుకు యూరియాను వాడి చూశారు. యూరియా మెల్లగా మెదడు కణజాలంలోకి కూడా ప్రవేశించడం వలన, మందు ప్రభావం తగ్గగానే పీడనం తిరిగి పెరిగేది. 1962లో వైజ్, చాటర్ మానిటాల్‌తో తమకు లభించిన ఫలితాలను ప్రచురించిన తరువాత యూరియా వాడుక క్రమంగా తగ్గిపోయింది.

రసాయన ధర్మాలు

మానిటాల్ అణువులో 6 కార్బన్, 14 హైడ్రోజన్, 6 ఆక్సిజన్ పరమాణువులు ఉంటాయి. అణుభారం సుమారు 182. ద్రవీభవన స్థానం 166–168 డిగ్రీల సెల్సియస్. ఇది సార్బిటాల్‌కు సాదృశ్యం. రెండింటికీ అణు సూత్రం ఒకటే అయినా పరమాణువుల అమరికలో తేడా ఉంది. ఫ్రక్టోజును హైడ్రోజనీకరించి పరిశ్రమలలో తయారుచేస్తారు. అప్పుడు మానిటాల్, సార్బిటాల్ దాదాపు సగం సగం ఏర్పడుతాయి. సార్బిటాల్ కంటే దీనికి నీటిలో కరిగే గుణం చాలా తక్కువ కావడం వలన రెండింటినీ వేరుచేయడం సులభమవుతుంది. ఈ గుణమే ఆసుపత్రిలో ఒక చిక్కు తెచ్చిపెడుతుంది. ఆ సంగతి క్రింద చూడవచ్చు.

పనిచేయు విధానం

పుర్రె గట్టి ఎముకతో చేసిన పెట్టె వంటిది. అందులో మెదడు, రక్తం, మస్తిష్క మేరు ద్రవం ఉంటాయి. గాయం వలన మెదడు వాచినా, రక్తం గడ్డకట్టినా, లోపల చోటు పెరిగే వీలు లేదు కనుక పీడనం పెరుగుతుంది. అది హద్దు మీరితే మెదడు భాగం స్థానం తప్పి, శ్వాసను నియంత్రించే మెదడు కాండాన్ని నొక్కివేస్తుంది. ఒక కంటిపాప పెద్దదై వెలుతురుకు చలించకపోవడం, స్పృహ త్వరత్వరగా తగ్గిపోవడం దీనికి ముఖ్య చిహ్నాలు.

మానిటాల్ ఆరోగ్యవంతమైన రక్త–మెదడు అవరోధాన్ని దాటలేదు. రక్తపు ద్రవాభిసరణ గాఢత సాధారణంగా కిలోగ్రాముకు 285–295 మిల్లీ ఆస్మోల్స్ ఉండగా, 20 శాతం మానిటాల్ ద్రావణపు గాఢత లీటరుకు సుమారు 1,100. ఈ ద్రావణం రక్తంలో చేరగానే మెదడు కణజాలంలోని నీరు రక్తనాళాలలోకి లాగబడుతుంది. దీనికంటే ముందుగా మరొక పని జరుగుతుంది. రక్తం పలచబడి సులువుగా ప్రవహించడం వలన మెదడుకు ప్రాణవాయువు బాగా అందుతుంది, దానికి స్పందనగా అక్కడి చిన్న ధమనులు సంకోచిస్తాయి, పుర్రెలో రక్తం ఆక్రమించే చోటు తగ్గుతుంది. 15–30 నిమిషాలలో పీడనం తగ్గుముఖం పట్టి, ఆ ప్రభావం కొన్ని గంటలపాటు నిలుస్తుంది.

మూత్రపిండాలలో జరిగేది వేరు. మానిటాల్ అక్కడి కేశనాళికా గుచ్ఛాలలో వడగట్టబడి మూత్రనాళికలలోకి చేరుతుంది కాని, తిరిగి రక్తంలోకి దాదాపుగా పీల్చుకోబడదు. నాళికలో ఉండిపోయిన మానిటాల్ తనతోపాటు నీటిని కూడా పట్టి ఉంచుతుంది. ఫలితంగా మూత్రం విపరీతంగా వస్తుంది, నీటితో పాటు సోడియం, పొటాషియం కూడా పోతాయి. శరీరంలో ఇది చెప్పుకోదగినంతగా జీర్ణం కాదు. 100 గ్రాములు ఎక్కిస్తే సుమారు 80 గ్రాములు 3 గంటలలోపే మూత్రంలో బయటపడుతాయి. మూత్రపిండాలు చెడిపోయిన వారిలో ఈ దారి మూసుకుపోవడం వలన మందు రక్తంలోనే నిలిచిపోతుంది.

మోతాదు, వాడుక

మెదడు పీడనం తగ్గించుటకు శరీర బరువులో ప్రతి కిలోగ్రాముకు 0.25 నుండి 1 గ్రాము వరకు, సాధారణంగా 20–30 నిమిషాలలో ఎక్కిస్తారు. భారతదేశంలో 20 శాతం ద్రావణం 100 మిల్లీలీటర్ల సీసాలలో విరివిగా దొరుకుతుంది. ఒక్కొక్క సీసాలో 20 గ్రాముల మందు ఉంటుంది. 60 కిలోల మనిషికి కిలోకు 1 గ్రాము చొప్పున ఇవ్వాలంటే మూడు సీసాలు అవసరం. ఒక సీసా ఎక్కించి పూర్తి మోతాదు ఇచ్చినట్లు భావించడం సరికాదు. కంటిలోని పీడనం హఠాత్తుగా పెరిగే నీటికాసుల వ్యాధిలో కూడా శస్త్రచికిత్సకు ముందు దీనిని ఇస్తారు. మూత్రం ఆగిపోయిన రోగికి మూత్రపిండాలను "మేల్కొలపడానికి" మానిటాల్ ఇచ్చే పాత అలవాటుకు ఇప్పుడు ఆధారం లేదు. అది హాని కూడా చేయవచ్చు.

వికారాబాదు, తాండూరు ప్రాంతంలో

2016 అక్టోబరు 11న ఏర్పడిన వికారాబాదు జిల్లాలో ఈ రెండూ ముఖ్య పట్టణాలు. రోడ్డు మార్గాన హైదరాబాదు నుండి వికారాబాదు సుమారు 70 కిలోమీటర్లు, తాండూరు సుమారు 110 కిలోమీటర్లు. తాండూరు పరిసరాలలో నాపరాతి గనులు, సిమెంటు కర్మాగారాలు ఉండడం వలన రోడ్లపై బరువు లారీల రాకపోకలు ఎక్కువ. 2025 నవంబరు 3న తాండూరు నుండి హైదరాబాదు వెళ్తున్న ఆర్టీసీ బస్సును చేవెళ్ళ సమీపాన మీర్జాగూడ వద్ద కంకర టిప్పరు ఢీకొన్నప్పుడు పలువురు మరణించారు. తాండూరులో ప్రభుత్వ జిల్లా ఆసుపత్రి ఉంది. వికారాబాదులో 2023లో ప్రభుత్వ వైద్య కళాశాల ప్రారంభమైంది. అయినప్పటికీ తలకు తీవ్ర గాయమైన వారిని నాడీ శస్త్రచికిత్స కొరకు హైదరాబాదులోని ఉస్మానియా, గాంధీ, నిమ్స్ వంటి ఆసుపత్రులకు తరలించడం పరిపాటి.

ఒక మోతాదు మానిటాల్ ప్రభావం నిలిచే కాలమూ, తాండూరు నుండి రాజధానికి చేరే కాలమూ గంటలలోనే లెక్కించదగినవి. అందుచేత మందు ఎక్కించిన సమయం, మోతాదు, అప్పటి రక్తపోటు, కంటిపాపల స్థితి తరలింపు చీటీపై వ్రాయడం తప్పనిసరి. అవి లేకపోతే అవతలి ఆసుపత్రిలో అదే మందును మరల ఇచ్చే ప్రమాదముంది. మూత్రపు గొట్టం అమర్చకుండా అంబులెన్సులో పంపితే మూత్రాశయం నిండి రోగి అశాంతితో పెనుగులాడుతాడు, దానిని మెదడు పరిస్థితి విషమించుటగా పొరబడవచ్చు. అన్నిటికంటే ముఖ్యమైనది రక్తపోటు. తలగాయంతో పాటు కడుపులో గాని, తొడ ఎముక వద్ద గాని రక్తస్రావం జరుగుతూ ఉంటే, మూత్రం రూపంలో ఇంకా నీరు పోయి రక్తపోటు పడిపోతుంది, మెదడుకు రక్తం అందదు. పీడనాన్ని కొలిచే పరికరం లేనిచోట, మెదడు కాండం నొక్కబడుతున్న చిహ్నాలు కనిపించిన వారికి మాత్రమే మానిటాల్ ఇవ్వాలని అమెరికాకు చెందిన బ్రెయిన్ ట్రామా ఫౌండేషన్ 2007 మార్గదర్శకాలు సూచించాయి. తలకు దెబ్బ తగిలిన ప్రతి ఒక్కరికీ ముందుజాగ్రత్తగా ఎక్కించడం ఈ సూచనకు విరుద్ధం.

ఇక చలికాలపు చిక్కు. 20 శాతం ద్రావణం గది ఉష్ణోగ్రత వద్దనే కరగగల హద్దును మించి ఉంటుంది. వికారాబాదు ప్రాంతంలో డిసెంబరు, జనవరి రాత్రులలో ఉష్ణోగ్రత కొన్నిసార్లు 10 డిగ్రీల లోపుకు పడిపోతుంది. అప్పుడు సీసాలో సూదుల వంటి స్ఫటికాలు తేలుతాయి. మందు పాడైనట్లు కాదు. సీసాను వేడినీటిలో ఉంచి స్ఫటికాలు పూర్తిగా కరిగేవరకు కదిలించి, శరీర ఉష్ణోగ్రతకు చల్లార్చి వాడాలి. ఒక్క స్ఫటికం మిగిలినా ఎక్కించరాదు. వడపోత గల గొట్టం వాడడం మేలు. అర్ధరాత్రి వేళ ఈ పనికి పట్టే నిమిషాలు విలువైనవి కనుక సీసాలను వెచ్చని చోట నిల్వచేయడం మంచిది.

అనంతగిరి కొండలపై నిజాం కాలం నుండి క్షయ ఆసుపత్రి ఉండడం వలన ఈ ప్రాంతానికి క్షయవ్యాధి చికిత్సతో చిరకాల సంబంధం ఉంది. క్షయ మెదడు పొరలకు సోకినప్పుడు కూడా పుర్రెలో పీడనం పెరుగుతుంది, అప్పుడు మానిటాల్ తాత్కాలికంగా ఉపయోగపడవచ్చు. కాని మెదడులో నీరు చేరిన రోగికి ఆ నీటిని మళ్ళించే శస్త్రచికిత్సకు గాని, క్షయ మందులకు, డెక్సామెథసోన్‌కు గాని ఇది ప్రత్యామ్నాయం కాదు.

దుష్ఫలితాలు, నిషేధాలు

మూత్రం పూర్తిగా ఆగిపోయిన మూత్రపిండ వ్యాధి, ఊపిరితిత్తులలో నీరు చేరుట, తీవ్రమైన నిర్జలీకరణం ఉన్నవారికి ఇవ్వకూడదు. మొదటి నిమిషాలలో రక్త పరిమాణం పెరుగుతుంది కాబట్టి బలహీనమైన గుండె గలవారికి ప్రమాదం. సోడియం మొదట తగ్గి, తరువాత నీరు పోయిన కొద్దీ పెరుగుతుంది. రక్తపు గాఢత 320 దాటకుండా చూడడం వైద్యుల చిరకాల నియమం. మరల మరల ఇస్తే, దెబ్బతిన్న అవరోధం గుండా మందు మెదడులోకి చేరి వాపును తిరిగి పెంచవచ్చు. రక్తం ఎక్కించే గొట్టంలో దీనిని కలపరాదు, రక్తకణాలు ముద్దకడతాయి.

పరిశోధనలపై వివాదం

అరవై ఏళ్ళకు పైబడి వాడుకలో ఉన్నప్పటికీ, తలగాయపు మరణాలను మానిటాల్ ఎంతవరకు తగ్గిస్తుందో తేల్చే పెద్ద పరీక్షలు జరగలేదు. అధిక మోతాదు వలన మరణాలు బాగా తగ్గాయని బ్రెజిల్ నుండి 2000ల తొలి సంవత్సరాలలో కొన్ని అధ్యయనాలు వెలువడ్డాయి. ఆ రోగులు అసలు ఉన్నారా అనే సందేహాన్ని 2007లో బ్రిటిష్ మెడికల్ జర్నల్ ప్రచురించింది. 2013 నాటి కోక్రేన్ సమీక్ష ఆధారాలు చాలవని తేల్చింది. నేడు గాఢమైన ఉప్పు ద్రావణం దీనికి పోటీగా నిలిచింది. అది మూత్రాన్ని అంతగా పెంచదు కనుక రక్తపోటు తక్కువగా ఉన్న గాయపడినవారికి దానినే కొందరు ఎంచుకుంటారు.

ఇతర ఉపయోగాలు

మానిటాల్ గాలిలోని తేమను పీల్చుకోదు. అందువలన నమిలే మాత్రలలోను, చక్కెర లేని బబుల్‌గమ్‌లపై పొడిగాను వాడుతారు. పంచదార తీపిలో ఇది సుమారు సగం ఉంటుంది. ఎక్కువగా తింటే విరేచనాలవుతాయి. పీల్చే పొడి రూపంలో ఉబ్బసం నిర్ధారణ పరీక్షకు ఉపయోగిస్తారు. సిస్టిక్ ఫైబ్రోసిస్ రోగులలో కఫం పలచబరచుటకు ఈ పొడిని 2020లో అమెరికా ప్రభుత్వం అనుమతించింది.